మూత వేసిన తర్వాత

రహదారుల వెంట అక్కడక్కడా పాతిన చిన్న రాతి దిమ్మెలను పాఠకులు చూసే ఉంటారు. ఇక్కడ తవ్వవద్దు, కింద ఆప్టికల్ ఫైబర్ కేబుల్ ఉన్నదని వాటిపై రాసి ఉంటుంది. ఆ కేబుల్ తెగినప్పుడు రాత్రివేళ గుంత పక్కన దీపం పెట్టుకొని, చిన్న బల్ల ముందు తలవంచి కూర్చున్న మనుషులను కూడా ఎప్పుడో ఒకప్పుడు చూసి ఉంటారు. మేము ఆ పని చేసే వాళ్ళం. పల్నాడు ప్రాంతంలో పద్నాలుగేళ్ళుగా ఇద్దరు అన్నదమ్ములం కలిసి ఈ వృత్తిలో ఉన్నాము. తెగిన గాజు పోగులను అతకడం మా జీవనోపాధి. మా వాళ్ళు దీన్ని స్ప్లైసింగ్ అంటారు.

ఈ పనిలో ఒక విచిత్రం ఉన్నది. వడ్రంగి చేసిన తలుపును పదిమంది చూస్తారు. తాపీమేస్త్రి కట్టిన గోడ వంకరైతే దారిన పోయేవాడికీ తెలుస్తుంది. మేము చేసిన అతుకు మాత్రం ఒక నల్లని పెట్టెలోకి పోతుంది. దాని మీద మూత పడుతుంది, మూత మీద మట్టి పడుతుంది. ఆ తర్వాత లోపల ఏమున్నదో మాకు తప్ప మరెవరికీ తెలియదు. ఈ వ్యాసం ఆ మూత గురించే. మేము చేసిన ఒక తప్పు గురించి కూడా.

మొదట ఆ పోగు ఎటువంటిదో చెప్పాలి. అది స్వచ్ఛమైన గాజుతో చేసిన సన్నని తీగ. గాజు భాగం వ్యాసం 125 మైక్రాన్లు, అంటే మిల్లీమీటరులో ఎనిమిదో వంతు. దాని నడుమ కాంతి ప్రయాణించే గర్భభాగం సుమారు 9 మైక్రాన్లు మాత్రమే. తల వెంట్రుక మందంలో అది ఏడెనిమిదో వంతు ఉంటుందేమో. గాజుపై రక్షణగా ఒక పల్చని పూత ఉంటుంది. ఆ పూతతో కలిపి వ్యాసం 250 మైక్రాన్లు. లోపలి గాజు, చుట్టూ ఉన్న గాజు కంటే కాంతిని కొంచెం ఎక్కువగా వంచుతుంది. అందువలన లోపల ప్రవేశించిన కాంతి బయటకు పోలేక, అంచుల వద్ద తిరిగి లోపలికే మళ్ళుతూ ముందుకు సాగుతుంది.

కాంతి ఒక పదార్థం నుండి మరొక పదార్థంలోకి పోయేటప్పుడు ఎంత వంగుతుందన్న నియమాన్ని బాగ్దాద్‌లో ఇబ్ను సహల్ 984 ప్రాంతంలోనే రాసి పెట్టారు. ఆయన తర్వాతి తరంలో ఇబ్నుల్ హైసమ్ 'కితాబుల్ మనాజిర్'లో కాంతిని, చూపును ప్రయోగాలతో పరిశీలించారు. అయినా గాజు తీగలో కాంతిని దూరం పంపడం మన కాలం వరకు సాధ్యపడలేదు. 1966లో ఇంగ్లండులో పనిచేస్తున్న చార్లెస్ కావ్ తన సహచరుడు జార్జ్ హాకమ్‌తో కలిసి దీనికి కారణం వివరించారు. కాంతి ఆరిపోవడానికి గాజు స్వభావం కారణం కాదు, గాజులో కంటికి కనబడకుండా దాగిన మాలిన్యాలే కారణమని వారు చెప్పారు. నాలుగేళ్ళలో, అంటే 1970లో, అమెరికాలోని కార్నింగ్ సంస్థ పరిశోధకులు ఆ మాలిన్యాలను తగ్గించిన గాజు తీగను తయారుచేసి చూపారు. కావ్‌కు 2009లో నోబెల్ బహుమతి లభించింది. ఒక కిలోమీటరు దాటేసరికి నూటికి ఒక వంతు కాంతి మిగిలితే చాలునని ఆనాడు కోరుకున్నారు. ఈనాటి మంచి పోగులో కిలోమీటరు తర్వాత కూడా నూటికి తొంభై అయిదు వంతులు మిగులుతున్నది.

ఇంత శుద్ధి చేసిన గాజును తీసుకువచ్చి దుమ్ములోనో బురదలోనో కూర్చొని మేము అతుకుతాము. గర్భభాగం 9 మైక్రాన్లు అయినప్పుడు రెండు కొసలు ఎదురెదురుగా ఎంత సరిగ్గా నిలవాలో పాఠకులే ఊహించగలరు. ఆ నిలపడం యంత్రం చేస్తుంది. కానీ యంత్రంలో పెట్టే ముందు జరగవలసిన పని అంతా చేతులదే.

ఆ క్రమం ఇలా ఉంటుంది. కేబుల్ పై తొడుగు ఒలిచి, లోపలి గొట్టాలలో ఉన్న జిగురు వంటి పదార్థాన్ని తుడుస్తాము. ప్రతి పోగుకూ ఒక రంగు ఉంటుంది. నీలం, నారింజ, ఆకుపచ్చ, గోధుమ, బూడిద, తెలుపు అంటూ పన్నెండు రంగుల వరుస ఉన్నది. ఇటు నీలాన్ని అటు నీలంతోనే కలపాలి. అతకబోయే ముందే ఒక పోగుకు చిన్న స్లీవ్ తొడగాలి. అది ఆరు సెంటీమీటర్ల ప్లాస్టిక్ గొట్టం, దానిలో సన్నని స్టీలు పుల్ల ఉంటుంది. ముందు తొడగడం మరచిపోతే అతికిన తర్వాత తొడగడానికి దారి లేదు, అతుకు కోసి మళ్ళీ మొదలుపెట్టవలసిందే. పని నేర్చుకునే ప్రతివాడూ ఈ మరపుకు ఒకసారైనా మూల్యం చెల్లిస్తాడు.

ఆ తర్వాత స్ట్రిప్పర్‌తో పూత తీసి, గాజును ఐసోప్రొపైల్ ఆల్కహాలుతో తడిపిన నూగు రాలని గుడ్డతో తుడవాలి. శుభ్రమైన గాజును తుడిస్తే సన్నగా కీచుమంటుంది. మాకు పని నేర్పిన ఉస్తాద్ ఆ చప్పుడు వినబడేదాకా మమ్మల్ని ముందుకు పోనిచ్చేవారు కాదు. తుడిచిన తర్వాత దాన్ని వేలితో తాకకూడదు, ఎక్కడా ఆనించకూడదు. క్లీవర్ అనే పరికరంతో కొసను నిట్టనిలువుగా తెంపాలి. అడ్డకోత తొంభై డిగ్రీల నుండి ఒక డిగ్రీకి మించి తప్పకూడదు. ఇలా సిద్ధమైన రెండు కొసలను యంత్రంలో ఉంచితే, అది వాటిని సరిచూసి, రెండు సూదుల మధ్య విద్యుత్ మెరుపుతో కరిగించి ఒకటి చేస్తుంది. పిమ్మట సున్నితంగా లాగి పరీక్షిస్తుంది. అప్పుడు స్లీవ్‌ను అతుకు మీదికి జరిపి వేడి చేస్తే అది ముడుచుకొని పట్టుకుంటుంది. చివరకు పోగులను ట్రేలో వలయాలుగా చుట్టి, పెట్టె మూసి, నీరు చొరకుండా బిగిస్తాము.

అతుకు కాగానే యంత్రం తెరపై ఒక అంకె చూపుతుంది. నష్టం 0.02 డెసిబెల్ అనో 0.03 అనో కనిపిస్తుంది. కొత్తవాళ్ళు దాన్ని చూసి తృప్తిపడతారు. కానీ అది కొలత కాదు, బొమ్మను చూసి యంత్రం వేసిన అంచనా. నిజమైన కొలత ఓటీడీఆర్ అనే పరికరంతో తీయాలి. అది పోగులోకి కాంతి తునకలను పంపి, వెనక్కు వచ్చిన కాంతిని బట్టి ఏ దూరంలో ఎంత నష్టమున్నదో గీత గీసి చూపుతుంది. ఒకవైపు నుండి మాత్రమే చూస్తే ఈ పరికరం కూడా మోసపోవచ్చు. రెండు పోగుల స్వభావం కొద్దిగా వేరైతే, నష్టానికి బదులు లాభం వచ్చినట్లు చూపుతుంది. అతుకులో కాంతి పెరగడం అసంభవం. అందుకే రెండువైపుల నుండి కొలిచి సగటు తీయాలి. 1310, 1550 నానోమీటర్ల రెండు తరంగదైర్ఘ్యాల వద్దా చూడాలి. ట్రేలో పోగు ఎక్కడైనా ఇరుకుగా వంగి ఉంటే, మొదటి దానిలో దాగిన లోపం రెండవ దానిలో బయటపడుతుంది.

ఇవన్నీ అతుకు గట్టిగా ఉండడం కొరకు. మనుషులు క్షేమంగా ఉండడం కొరకు పాటించవలసినవి వేరే ఉన్నాయి. వాటిని మేము పుస్తకం నుండి కాక మా ఇంట్లో జరిగిన ఒక సంఘటన నుండి నేర్చుకున్నాము.

పనిలో చేరిన మూడవ ఏట, ఒక రాత్రి ఆలస్యంగా ఇల్లు చేరి, ఆ బట్టలతోనే కూర్చొని అన్నం తిన్నాము. మరునాడు ఫజర్ వేళ అమ్మీ నమాజు ముగించి తస్బీహ్ చదువుకుంటుండగా, మాలో పెద్దవాడి మూడేళ్ళ కూతురు అలవాటుగా పాకుతూ జానమాజ్ మీదికి వచ్చింది. వచ్చీ రాగానే అరచేయి ఎత్తి ఏడుపు అందుకున్నది. చూస్తే ఏమీ లేదు. నెత్తురు లేదు, గాయం లేదు. ముట్టుకుంటే మాత్రం కేక పెడుతున్నది. అమ్మీ టార్చిలైటును ఏటవాలుగా పట్టి అరగంట వెదికితే సూదిమొనంత మెరుపు కనిపించింది. పట్టకారుతో తీయబోతే అది విరిగి సగం లోపలే ఉండిపోయింది. చివరకు పట్టణంలో డాక్టరుగారు భూతద్దం పెట్టి తీశారు.

పాప నోట్లో పెట్టుకొని ఉంటే? కన్ను నులుముకొని ఉంటే? ఆ రోజంతా మేము ఈ ఆలోచన నుండి బయటపడలేకపోయాము. గాజు ముక్క మా ప్యాంటు మడతలో వచ్చింది. మేమే తెచ్చి ఇంట్లో పరచాము.

క్లీవర్‌తో తెంపిన ప్రతిసారీ ఒక గాజు ముక్క మిగులుతుంది. ఒక అతుకుకు రెండు కొసలు, అంటే రెండు ముక్కలు. 24 కోర్ల కేబుల్ అతికితే తక్కువలో తక్కువ 48 ముక్కలు. అవి పారదర్శకమైనవి, సూదికంటే సన్నవి, చర్మంలో సులభంగా దిగుతాయి. నాటి నుండి మేము నల్లని గుడ్డ పరచి దాని మీదనే పని చేస్తున్నాము, నలుపు మీద గాజు కొంత తెలుస్తుంది కాబట్టి. తెంపిన ప్రతి ముక్కనూ మూత ఉన్న డబ్బాలో వేస్తూ లెక్కపెడతాము. లెక్క తగ్గితే జిగురు టేపుతో బల్లను, బట్టలను, చేతులను అద్ది వెదుకుతాము. కళ్ళద్దాలు లేనిదే కూర్చోము. పని దగ్గర తినము, నీళ్ళు కూడా తాగము. చేతులు కడగనిదే కళ్ళను తాకము. ఇంటికి వస్తే వాకిట్లోనే బట్టలు మార్చుకుంటాము. నిండిన డబ్బాకు టేపు చుట్టి, లోపల గాజు ఉన్నదని పైన రాసి వేరుగా అప్పగిస్తాము. ఊరికే చెత్తకుండీలో పడేస్తే, ఆ కుండీలో చేతులు పెట్టి బతికేవారి వేళ్ళలోకి అది దిగుతుంది.

మిగిలిన జాగ్రత్తలు కూడా క్లుప్తంగా చెబుతాము. పోగులో ప్రయాణించే లేజరు కాంతి కంటికి కనబడదు. కనబడనందున కన్ను రెప్ప వేయదు, తల పక్కకు తిరగదు. అందుచేత ఏ పోగు కొసలోకీ, కనెక్టరులోకీ తొంగిచూడకూడదు. కాంతి ఉన్నదో లేదో పవర్ మీటర్ చెబుతుంది. ఆల్కహాలు సులభంగా మండుతుంది, యంత్రంలో మెరుపు పుడుతుంది. ఆ రెంటినీ దూరంగా ఉంచాలి. భూమిలోని చాంబర్లలో విషవాయువులో మండే వాయువులో చేరి ఉండవచ్చు. మూత తీసి గాలి ఆడనిచ్చి, వాయువును పరీక్షించిన తర్వాతే దిగాలి. ఒక్కరే ఎన్నడూ దిగకూడదు. అతుకు పని లోపల కాకుండా, అక్కడ చుట్టి ఉంచిన అదనపు కేబుల్‌ను పైకి లాగి బయట చేయాలి. మన రాష్ట్రంలో చాలాచోట్ల ఈ కేబుల్ కరెంటు స్తంభాల మీదుగానే పోతుంది. విద్యుత్ శాఖవారు లైను ఆపామని చెప్పనిదే స్తంభం ఎక్కడం ప్రాణాలతో చెలగాటం.

ఇప్పుడు ఈ పోగు మన ఇళ్ళలోకీ వచ్చింది. గోడకు బిగించిన చిన్న పెట్టె నుండి రౌటరుకు వెళ్ళే సన్నని తీగలో ఉన్నది ఈ గాజే. దాన్ని చేతి గాజు కంటే చిన్న వలయంగా చుట్టకూడదు. చుడితే వంపు దగ్గర కాంతి బయటకు జారిపోతుంది, కొంతకాలానికి గాజు విరగవచ్చు కూడా. తీగ తెగితే పిల్లలను దూరంగా ఉంచి, తెగిన కొసకు టేపు చుట్టాలి. బాగుచేయడానికి వచ్చినవారిని, తెంపిన ముక్కలు ఎక్కడ వేస్తున్నారు అని అడగాలి. ఇలా అడిగితే మంచి పనివాడు నొచ్చుకోడు.

ఇక మేము చేసిన తప్పు.

కొన్నేళ్ళ క్రితం నవంబరులో తుపాను వానలకు ఒక వాగు ఒడ్డు కోసుకుపోయి కేబుల్ తెగింది. 24 కోర్లు. సాయంత్రం మొదలుపెట్టిన పని అర్ధరాత్రి దాటినా కాలేదు. గుడారం మీద వాన, కింద బురద. ముందురోజు రాత్రి కూడా మాకు నిద్ర లేదు. చివరి పోగుల దగ్గరకు వచ్చాము. అతుకు బాగానే వచ్చింది, యంత్రం 0.02 చూపింది. స్లీవ్‌ను వేడిపెట్టె పెట్టెలో ఉంచేటప్పుడు అది ఒక పక్కకు జారింది. గమనించేసరికి ముడుచుకొని బిగిసిపోయింది. పూత తీసిన గాజు అంతా స్లీవ్ లోపల ఉండాలి. ఒక కొసన రెండు మిల్లీమీటర్ల గాజు బయటకు మిగిలింది.

చూశాము. ఇద్దరమూ చూశాము. మాలో చిన్నవాడు, "అన్నా, కోసి మళ్ళీ చేద్దామా?" అని అడిగాడు. పెద్దవాడు ఓటీడీఆర్ గీత వంక చూశాడు. గీత చక్కగా ఉన్నది. "లైట్ పోతోంది కదా, ఉండనీ" అన్నాడు. చిన్నవాడు మారు మాట్లాడలేదు. పది నిమిషాల పని. ట్రేలో చుట్టి మూత వేశాము.

పూత లేని గాజు వెంటనే విరగదు. దాని మీద కంటికి కనబడని గీతలు ఉంటాయి. గాలిలోని తేమ ఆ గీతల్లోకి చేరుతుంది. పోగు ట్రేలో వంగి ఉన్నందున దాని మీద నిత్యమూ కొంత లాగుడు ఉంటుంది. తేమ, లాగుడు కలిసి ఆ గీతను రోజురోజుకూ కొంచెం కొంచెం లోతు చేస్తాయి. బయట మాత్రం ఏమీ తెలియదు. కాంతి ఎప్పటిలాగే పోతూ ఉంటుంది. ఒకనాడు ఉన్నట్టుండి పోగు విరుగుతుంది. ఇదంతా మాకు తెలియక చేసింది కాదు. ఉస్తాద్ మాకు మొదటి నెలలోనే నేర్పిన సంగతి ఇది.

ఎనిమిది నెలల తర్వాత, జూలైలో ఒక సాయంత్రం ఫోను వచ్చింది. వాగు అవతలి గ్రామానికి కాంతి అందడం లేదన్నారు. ఓటీడీఆర్ పెట్టి చూస్తే 6 కిలోమీటర్ల 200 మీటర్ల వద్ద గీత నిలువునా పడిపోయింది. మా పుస్తకంలో చూసుకున్నాము. అది మేము నవంబరులో పాతిన పెట్టె. ఇద్దరమూ ఒకరి ముఖం ఒకరు చూసుకోలేదు.

రాత్రి పది గంటలకు పెట్టె తెరిచాము. ట్రేలో ఆ పోగు స్లీవ్ అంచు దగ్గర, బయట మిగిలిన ఆ రెండు మిల్లీమీటర్ల చోటనే విరిగి ఉన్నది. కోసి, ఒలిచి, తుడిచి, మళ్ళీ అతికాము. పది నిమిషాలు పట్టింది.

వెలుగు అందిందో లేదో చూడడానికి గ్రామంలోకి వెళ్ళాము. పెట్టె దగ్గర నిలబడి ఉండగా ఒక మోటారుసైకిలు వచ్చి ఆగింది. ఒక రైతు, వెనుక ఆయన కూతురు, ఆమె ఒళ్ళో ప్లాస్టిక్ కవరులో చుట్టిన ఫైలు. ఇంజనీరింగ్ కౌన్సెలింగ్‌లో వెబ్ ఆప్షన్లు పెట్టడానికి ఆ రోజే చివరి తేదీ అట. సాయంత్రం కూర్చునేసరికి నెట్ లేదు. ఆ ఊళ్ళో మిద్దె ఎక్కితేనే సెల్ సిగ్నల్ అందుతుంది, ఫోనులో ఆ పేజీ తెరుచుకోనే లేదు. వానలో ఇరవై కిలోమీటర్లు పట్టణానికి వెళ్ళి, మూసివేయబోతున్న నెట్ సెంటరు యజమానిని బతిమాలి, ఆప్షన్లు పెట్టుకొని వస్తున్నారు. ఆ అమ్మాయి కళ్ళు ఏడ్చి ఉబ్బి ఉన్నాయి. ఎంచుకోవలసిన కళాశాలల జాబితా అంతా పెట్టడానికి సమయం చాలలేదని తండ్రి చెప్పాడు.

ఆయన మా బురద కాళ్ళు, మా పరికరాలు చూసి, "ఇంత రాత్రిపూట వానలో వచ్చి బాగుచేస్తున్నారా బాబూ! అల్లా మీకు మేలు చేయాలి. ఇంటికి రండి, టీ తాగి వెళ్ళండి" అన్నాడు. మాకు నోట మాట రాలేదు. ఆలస్యమైందని చెప్పి వచ్చేశాము.

మరునాడు నివేదిక రాయాలి. దానిలో కారణం అని ఒక గడి ఉంటుంది. ఎలుక కొరికింది అని రాస్తే అడిగేవారు లేరు, ఎలుకలు నిజంగానే కొరుకుతాయి. అలా రాస్తే బాగుచేసినందుకు మాకు డబ్బు కూడా వస్తుంది. అంటే మా తప్పును సరిదిద్దినందుకు మాకే కూలి. మాలో చిన్నవాడు కలం పట్టుకొని చాలాసేపు కూర్చున్నాడు. మా అబ్బా దర్జీ. చూపు తగ్గి మిషను మానేసి అప్పటికి అయిదేళ్ళు. మంచం మీద కూర్చొని మమ్మల్ని గమనిస్తూ విషయమేమిటని అడిగారు. చెప్పాము. ఆయన కోపగించలేదు. "చొక్కా తిరగేసి చూసే గిరాకీ వందకొకడు కూడా ఉండడు. అయినా లోపలి కుట్టు వేసేవాడికి తెలుసు కదా" అని, ముఖం గోడవైపు తిప్పుకున్నారు.

ఆ గడిలో స్లీవ్ సరిగ్గా వేయలేదు, అతికినవారి లోపం అని రాశాము. ఆ మరమ్మతుకు డబ్బు రాలేదు. పని ఇచ్చే గుత్తేదారు మూడు నెలలపాటు మమ్మల్ని పిలవలేదు. ఇంట్లో ఇబ్బంది పడ్డాము, పాప బడి ఫీజుకు అప్పు చేశాము. తర్వాత పని మళ్ళీ వచ్చింది, మునుపటంత కాదు. నిజం చెప్పినందుకు వెంటనే మేలు జరిగిందని రాయడానికి లేదు.

జుమా నమాజు తర్వాత ఆ గ్రామానికి వెళ్ళి ఆ తండ్రిని కలిశాము. ఆ రాత్రి మేము బాగుచేసింది మా తప్పునేనని చెప్పాము. ఆయన కొంతసేపు మాట్లాడలేదు. అమ్మాయి గుమ్మం పక్కన నిలబడి వింటున్నది. తిడతారని అనుకున్నాము. చివరకు ఆయన, "ఆ పెట్టెలో ఇంకా ఎన్ని ఉన్నాయి?" అని అడిగాడు. ఇరవై మూడు అన్నాము. "అవి సరిగ్గా ఉన్నాయా?" అన్నాడు.

మా దగ్గర జవాబు లేదు. ఆ రాత్రి విరిగినదాన్ని అతికి మూత వేశామే కాని మిగతావాటిని చూడలేదు. తప్పు ఒప్పుకుంటే సరిపోతుందనుకున్నాము. ఆయన అడిగింది మా ఒప్పుకోలు గురించి కాదు, పెట్టె గురించి.

కాంతి పోతున్న పోగులను కదిలించడానికి అనుమతి కావాలి. పది రోజులు తిరిగి, ఒక రాత్రి రెండు గంటల సమయం తీసుకొని పెట్టె తెరిచాము. ఒక్కొక్క స్లీవ్‌ను దీపానికి ఎదురుగా పట్టి చూశాము. మరొకటి దొరికింది. ఇంకా వాడుకలోకి రాని పోగు అది, అందుకే ఎవరికీ తెలియలేదు. బయట మిగిలిన గాజు మిల్లీమీటరు కూడా లేదు. దాన్ని కోసి మళ్ళీ అతికాము. దానికి ఎవరూ డబ్బు ఇవ్వలేదు, మేము అడగనూ లేదు.

ఆ అమ్మాయికి సీటు వచ్చింది, తాను మొదట కోరుకున్న కళాశాలలో కాదు. మిగిలిన ఆప్షన్లు పెట్టి ఉంటే వచ్చేదో లేదో ఎవరూ చెప్పలేరు. కానీ ఆమె ఆ మాట జీవితాంతం అనుకుంటూనే ఉంటుందని మాకు తెలుసు. దానికి మా దగ్గర పరిహారం లేదు.

అప్పటి నుండి మూత వేసే ముందు మాలో ఒకడు అతికితే మరొకడు ట్రేను తన చేతిలోకి తీసుకొని ప్రతి స్లీవ్‌ను మొదటినుండి చూస్తాడు. అన్న చేసినదైనా తమ్ముడు కోసేయవచ్చు, కారణం చెప్పనక్కర లేదు, అన్న అలగకూడదు. నిద్ర ముంచుకొస్తే చివరి నాలుగు పోగులకు ముందు ఆగి, ముఖం కడుక్కొని, పావుగంట నడిచి వస్తాము. గాజు ముక్కలు లెక్కపెట్టి డబ్బా మూత పెడతాము. స్లీవులు లెక్కపెట్టి పెట్టె మూత పెడతాము. ఆ తర్వాత మట్టి కప్పి, గునపాలు సర్దుకొని ఇంటికి వస్తాము. వాకిట్లో బట్టలు మార్చుకొని లోపలికి వెళ్ళేసరికి, పాప జానమాజ్ మీదనే ఒకవైపు ఒరిగి నిద్రపోతూ ఉంటుంది.